చిరుతిండిపై శ్వేతపత్రం

తోటి గృహస్థులారా, గృహిణులారా, సాయంత్రం నాలుగున్నరకు స్కూల్ వ్యాన్ హారన్ వినగానే గుండెలో రాయి పడే సమస్త తల్లిదండ్రులారా! మన తెలంగాణలో 2023 డిసెంబరులో ఆర్థిక పరిస్థితి మీద శ్వేతపత్రం వచ్చింది. వెంటనే కరెంటు మీద ఇంకోటి వచ్చింది. రెండు నెలలు తిరగకముందే నీటిపారుదల మీద కూడా వచ్చింది. కానీ బడి నుంచి వచ్చిన పిల్లలకు ఏం పెట్టాలన్న మహా సమస్య మీద ఇంతవరకు ఏ ప్రభుత్వమూ, ఏ ప్రతిపక్షమూ పెదవి విప్పలేదు. ఆ లోటును హన్మకొండ నుంచి నేను పూడుస్తున్నాను. నీకున్న అర్హత ఏమిటంటారా? మా ఇంట్లో నా మాట వినేవాళ్లు లేరు.

ముందుగా మా ఇంటి రాజ్యాంగం మనవి చేసుకుంటాను. నేనూ, మా ఆవిడా ఇద్దరం ఉద్యోగస్తులం. మా అమ్మ ఉంది, ఏడో తరగతి చదివే పెద్దోడున్నాడు, మూడో తరగతి చదివే చిన్నది ఉంది, వాయిదాల మీద కొన్న ఎయిర్ ఫ్రయర్ ఉంది. మా ఆవిడ ఇల్లు చేరేసరికి దీపాలు పెట్టే వేళ దాటుతుంది. నేను నాలుగింటికే ఇంట్లో పడతాను. ఈ ఒక్క నేరానికి, ఇటీవలి మంత్రివర్గ పునర్వ్యవస్థీకరణలో చిరుతిండి శాఖ నాకు అప్పగించారు. నిధులు ఆవిడ దగ్గర, విధాన నిర్ణయాలు ఆవిడ దగ్గర, వైఫల్యానికి నైతిక బాధ్యత నా దగ్గర. ప్రమాణ స్వీకారం సింకు ముందు జరిగింది.

ఒకప్పుడు ఈ శాఖ ఎంత ప్రశాంతంగా ఉండేదో మీకు తెలియంది కాదు. డబ్బాలో మురుకులుంటే మురుకులు, లేకపోతే పేలాలు, అవీ లేకపోతే బిస్కెట్ పుడ, వాన పడితే చౌరస్తా బండి మీది మిర్చీలు. పోరగాళ్లు తిన్నారా, ఆడుకోవడానికి ఉరికారా, అంతే లెక్క. గ్రాముల ఊసు ఎవరూ ఎత్తలేదు. అలాంటి రామరాజ్యం మీద ఒకనాటి రాత్రి, పక్క దిండు మీది నుంచి, ఒక వీడియో వచ్చి పడింది. జానెడు దూరంలో పడుకున్న మనిషి నోటితో చెప్పకుండా ఫోన్‌లో పంపిందంటే అది సలహా కాదని మీకు వేరే చెప్పాలా? జీవో.

‘బిజీ పేరెంట్స్ కోసం హై ప్రోటీన్ ఫ్యూజన్ స్టార్టర్లు, పావుగంటలో!’ అని దానికి పేరు. మరక లేని తెల్లటి వంటగదిలో, నలగని చీరలో, చెమట పట్టని నుదుటితో ఒకావిడ నిలబడింది. పెసరపిండి టాకోల్లో పనీరు కూరింది, మీద గ్రీకు పెరుగు చుక్కలు పెట్టింది, పక్కన ఉలవల హమ్మస్ పరిచింది, టోఫు ముక్కలకు పుల్లలు గుచ్చింది, కెమెరా వైపు చూసి నవ్వింది. ఆ నవ్వు ఎవరి మీదో నాకు తెల్లవారి తెలిసింది.

స్టార్టర్ల పని భోజనానికి ముందు ఆకలి పుట్టించడమని హోటళ్లవాళ్లు చెబుతారు. అయ్యా, వ్యాన్ దిగిన మా పిల్లల్లో కొత్తగా ఆకలి పుట్టించాల్సిన అవసరం ఏ శాస్త్రం ప్రకారమూ లేదు. వాళ్లు మెట్లెక్కుతూనే ‘డాడీ, ఆకలి’ అంటారు. బూట్లు విప్పుతూ అంటారు, బ్యాగు విసిరేస్తూ అంటారు, ఫ్రిజ్ తలుపు తెరిచి అందులోకి తల పెట్టి అంటారు. ఐదున్నరకు అబాకస్, ఆరున్నరకు ట్యూషన్. మధ్యలో నాకు మిగిలేది రాజ్యాంగం ప్రసాదించిన కాసింత సమయం. అందులో కొంత వాళ్ల సాక్సులు వెతకడానికే పోతుంది.

అయినా బాధ్యత గల మంత్రిగా సామగ్రి సేకరణకు బయల్దేరాను. కుమార్‌పల్లిలో మాకు అలవాటైన కిరాణంలో ‘‘టోఫు ఉన్నదా సేటూ?’’ అని అడిగాను. ‘‘తోఫానా సార్? రంజాన్ తోఫా గవర్నమెంటోళ్లు ఇస్తుండిరి, మా దగ్గర ఉండది’’ అన్నాడాయన. నేను ‘తో’ కాదు ‘టో’ అని విడమరిచి చెబుతుంటే, వెనక సంచి పట్టుకుని నిలబడ్డ పెద్దాయన నన్ను కిందినుంచి పైదాకా జాలిగా చూశాడు. ఇరవై ఏళ్ల ఉద్యోగం, సొంత ఫ్లాటు, ఆదాయపు పన్ను, సమాజంలో కూడబెట్టుకున్న గౌరవం, అన్నీ ఆ చూపులో కరిగిపోయాయి. ‘‘తెల్లకార్డా సార్ మీది?’’ అన్నాడు.

సూపర్ మార్కెట్‌లో టోఫు దొరికింది. తాహిని కూడా దొరికింది. అది వేయించిన నువ్వులు నూరిన ముద్ద. గుప్పెట్లో పట్టే ఆ సీసా ధర చూసి, అద్దాలు తుడుచుకుని మళ్లీ చూసి, పసిబిడ్డను ఉయ్యాల్లో వేసినంత జాగ్రత్తగా అరలో పెట్టి వచ్చేశాను. పార్చ్‌మెంట్ పేపర్ స్టేషనరీ దుకాణంలో ఉంటుందేమోనని అడిగితే ‘‘డిగ్రీ సర్టిఫికెట్‌కా సార్?’’ అన్నాడు కుర్రాడు. ఇంటికొచ్చి నువ్వుల సంగతి మా అమ్మకు చెప్పాను. ‘‘రోలున్నది, నువ్వులున్నయ్, నీకు చేతులు లెవ్వా?’’ అంది. పచ్చిగా ఉన్నా ప్రశ్నలో న్యాయముంది.

ఇక పావుగంట విషయానికి వద్దాం. ఆ వీడియో ఆవిడ ముందు వరసగా గాజు గిన్నెలు. ఒకదాంట్లో తరిగిన ఉల్లి, ఒకదాంట్లో తరిగిన కొత్తిమీర, ఒకదాంట్లో తురిమిన పనీరు, ఒకదాంట్లో నానిన పెసర్లు, ఒకదాంట్లో ఉడికిన ఉలవలు. ఎవరు తరిగారు? ఎవరు తురిమారు? ఉలవలకు కుక్కర్ ఎన్ని కూతలు పెట్టింది? పెసర్లు ఇవాళ నానాలంటే నిన్న రాత్రే గుర్తుండాలి. పెరుగును పల్చటి బట్టలో మూటగట్టి వంటింటి నల్లాకు వేలాడదీయాలి, మూడు నాలుగు గంటలు. ఆ మూట ఉన్నంతసేపు నల్లా తిప్పడానికి లేదు. చెయ్యి కడగాలంటే బాత్రూముకు, గిలాస కడగాలంటే బాల్కనీకి. ఒక్క పావుగంట వంట వెనక ఒక రాత్రీ ఒక పగలూ సాగిన కుట్ర ఉందన్నమాట. వీడియోలో ఆ భాగం ఉండదు.

టోఫుకు నీళ్లు పిండడం మరీ ఘోరం. బట్టలో చుట్టి, పైన బరువు పెట్టి, అరగంట ఉంచాలట. వీడియోలో ఆవిడ ఇనుప పెనం పెట్టింది. మా పెనం మీద అప్పటికే మా అమ్మ రొట్టె కాలుస్తున్నది. ఇల్లంతా గాలించగా పెద్దోడి ఐఐటీ ఫౌండేషన్ పుస్తకాలు కనబడ్డాయి. ఏడో తరగతివాడికి ఐఐటీ ఏమిటని నయీంనగర్ కోచింగ్ సెంటర్ల పక్క ఒకసారి తిరిగొచ్చినవాళ్లెవరూ అడగరు. పైన గణితం, దాని కింద భౌతికం, దాని కింద రసాయనం, అన్నిటి కింద టోఫు. కాసేపటికి బట్ట అంచుల్లోంచి తెల్లటి నీరు ఊరి, గట్టు మీద సన్నటి పాయగా పాకి, పొయ్యి కాళ్ల దగ్గర ఆగింది. పుస్తకాలు తీసి బట్ట విప్పితే, నాలుగు మూలలా చీలి, నడుమ కుంగి, ఒంటి నిండా నేత గళ్లు అచ్చు పడిన ముద్ద ఒకటి బయటపడింది. ఫీజు కట్టిన నాటి నుంచి ఆ పుస్తకాల వల్ల మా ఇంట్లో కనబడిన మొదటి ఫలితం అదే.

ఇంత చేసినా రాత్రి ఆడిట్ తప్పదు. ‘‘పెద్దోడికి ఇయ్యాల ఎన్ని గ్రాములు పోయినయ్?’’ అని మా ఆవిడ హ్యాండ్‌బ్యాగ్ దించకముందే అడుగుతుంది. ఇందులో ఆవిడ తప్పేమీ లేదు. దేశమంతా గ్రాముల మీదే నడుస్తోంది. లస్సీ డబ్బా మీద గ్రాములు, మజ్జిగ డబ్బా మీద గ్రాములు, బ్రెడ్డు మీద గ్రాములు. 2025లో బర్గర్లమ్మే పెద్ద కంపెనీ ఒకటి మైసూరులోని సీఎఫ్‌టీఆర్ఐ సాయంతో ఐదు గ్రాముల ప్రోటీన్ ఉండే పలకను తయారుచేయించి బర్గర్లో పెట్టుకోమంది. మా పై ఫ్లాటు కుర్రాడు జిమ్ముకు పోతాడు. వాడి ప్రోటీన్ పొడి డబ్బా మా బియ్యం డబ్బా కన్నా పెద్దది. లిఫ్టులో వాడితో పాటు ఆ డబ్బా ఎక్కితే నేను మెట్ల మీద నడుస్తాను. పోనీలెండి, అది కూడా వ్యాయామమే.

నేనూ ఊరుకోలేదు. లెక్కకు లెక్కే సమాధానమని హైదరాబాద్ తార్నాకలో ఉన్న జాతీయ పోషకాహార సంస్థ గణాంకాలు ముందేసుకుని కూర్చున్నాను. 2020లో వాళ్లు తేల్చిన దాని ప్రకారం పెద్దవాళ్లకు కిలో బరువుకు రోజుకు 0.83 గ్రాముల ప్రోటీన్ చాలు. 65 కిలోల మగమనిషికి 54 గ్రాములు, 55 కిలోల ఆడమనిషికి 46. పది నుంచి పన్నెండేళ్ల పిల్లలకు 32, 33. ఏడు నుంచి తొమ్మిదేళ్ల వాళ్లకు 23. మా చిన్నదాని ఖాతా తీశాను. పొద్దున గిలాసెడు పాలు, ఆరు గ్రాములు. ఉడికిన గుడ్డు, ఇంకో ఆరు. మధ్యాహ్నం డబ్బాలో ముప్పై గ్రాముల కందిపప్పుతో వండిన పప్పు, దగ్గరదగ్గర ఏడు. అందులోకి అన్నం, నాలుగైదు. మొత్తం 23 దాటింది. అంటే వ్యాన్ హారన్ మోగకముందే మా ఖజానా మిగులులో ఉంది! ఈ లెక్కను తెల్లకాగితం మీద గీతలు గీసి మరీ సభ ముందుంచాను.

మా ఆవిడ కాగితం చదివింది. మాట్లాడకుండా లోపలికెళ్లి చిన్నదాని లంచ్ బాక్స్ తెచ్చి మూత తీసింది. పప్పన్నం పొద్దున నేను ఎలా సర్దానో అలాగే ఉంది, చెంచా కూడా కదల్లేదు. ‘‘పెట్టిన లెక్క కాదండీ, తిన్న లెక్క రాయండి’’ అంది. పార్లమెంటరీ చరిత్రలో ప్రభుత్వాలు ఇంతకన్నా చిన్న డబ్బాల వల్ల పడిపోయాయి.

అయినా నా దగ్గర ఇంకో అస్త్రం ఉంది. అదే సంస్థ 2024 మేలో కొత్త ఆహార మార్గదర్శకాలు విడుదల చేసింది. మొత్తం 17 సూత్రాలు. కండల కోసం ప్రోటీన్ పొడుల జోలికి పోవద్దని అందులో రాశారు. ఇంకో మాట కూడా ఉంది. బియ్యంలో, గోధుమలో లైసిన్ అనే పదార్థం తక్కువ, పప్పుల్లో మెథియోనిన్ తక్కువ. మూడు పాళ్లు ధాన్యానికి ఒక పాలు పప్పు కలిపితే దీని లోటు అది, దాని లోటు ఇది తీర్చుకుంటాయట. ఇంత చిన్న సంగతి కోసం నేను గ్రీకు పెరుగును నల్లాకు వేలాడదీయాలా? సద్దుల బతుకమ్మ నాడు మా వాడకట్టు ఆడవాళ్లు నువ్వులు, పల్లీలు, పెసర్లు విడివిడిగా వేయించి, పొడిగొట్టి, బెల్లం కలిపి, పద్మాక్షి గుండం దగ్గర ఒకరికొకరు పంచుకుంటారే, అదేమిటి మరి? పై ఫ్లాటు కుర్రాడికి గత పండుగనాడు దోసిట్లో పోశారు. ‘‘ఇందులో షుగర్ ఉందాంటీ’’ అన్నాడు.

ఇక ఫ్యూజన్. ఓరుగల్లు గడ్డ మీద నిలబడి ఫ్యూజన్ అంటే కొత్తగా విన్నట్టు కళ్లు పెద్దవి చేసేవాళ్లను చూస్తే నాకు చారిత్రక ఆవేదన కలుగుతుంది. ఎండాకాలం మొదలయ్యే రోజుల్లో ఏనుమాముల మార్కెట్ పక్కనుంచి పోయి చూడండి. ఎర్రటి కుప్పలు, బస్తాల మీద బస్తాలు, దారిన పోయేవాళ్ల తుమ్ములు. మన చపాటా మిర్చికి 2025లో భౌగోళిక గుర్తింపు కూడా వచ్చింది. కానీ ఆ మిర్చి పుట్టిల్లు అమెరికా ఖండం. పోర్చుగీసు ఓడలెక్కి వచ్చింది. పల్లీ అటునుంచి వచ్చిందే, మక్కజొన్న అటునుంచి వచ్చిందే, టమాట అటునుంచి వచ్చిందే. ఓరుగల్లు కోట 1323లో పడిపోయింది. వాస్కోడిగామా కాలికట్ తీరానికి వచ్చింది 1498లో. అంటే రుద్రమదేవి మిర్చి ఘాటు తెలియకుండానే శత్రువులకు ఘాటు చూపించింది. ప్రతాపరుద్రుడు పల్లీ చట్నీ రుచి చూడలేదు, మక్కగారె తినలేదు, టమాట తొక్కు ఎరగడు. ఆయన పడ్డ కష్టాల జాబితాలో దీన్ని ఏ చరిత్రకారుడూ చేర్చలేదు.

మరి ఆనాటివాళ్లు ఏం తిన్నారంటే, ‘క్రీడాభిరామం’ కావ్యంలో ఓరుగల్లు పూటకూళ్ల ఇంటి భోజనం వర్ణన ఉంది. సన్నన్నం, గోధుమ పిండివంట, పంచదార, నెయ్యి, పెసరపప్పు, అరటిపళ్లు, నాలుగైదు నంజుళ్లు, గడ్డపెరుగు. ఇదంతా ఒక్క రూకకు. ధాన్యం ఉంది, పప్పు ఉంది, పెరుగు ఉంది. తార్నాక వాళ్లు చూస్తే ముద్ర వేసి పంపే భోజనం. ఆ కావ్యంలోని మిత్రులు మంచనశర్మా, టిట్టిభసెట్టీ అలాంటి ఊళ్లో రోజంతా వీధులు పట్టుకుని తిరిగారు. ఒకరినొకరు గ్రాములు అడగలేదు. వాళ్లకు ఇంటికెళ్లి తోమాల్సిన గిన్నెలు కూడా లేవు.

ఫ్యూజన్ చేసేవాళ్లు నిజంగా ఎలా ఉంటారో తెలుసా? కలకత్తాలో పుట్టిన నెల్సన్ వాంగ్ అనే చైనా సంతతివాడు 1975లో బొంబాయి క్రికెట్ క్లబ్బులో చికెన్ ముక్కలకు మన అల్లం వెల్లుల్లి పచ్చిమిర్చి పట్టించి, మీద సోయా సాస్ పోసి మంచూరియా అన్నాడు. మంచూరియాలో ఎవరికీ తెలియని ఆ వంటకం ఇవాళ హన్మకొండలో ప్రతి సందు మొగలో ఉంది. బండి మీది తమ్ముడు గరిటె రెండుసార్లు తిప్పుతాడు, మంట పైకి లేస్తుంది, ప్లేటు చేతికొస్తుంది. వాడు ఫ్యూజన్ అనడు, ప్రోటీన్ అనడు, బిజీ అని ఒక్క మాట అనడు. ‘‘ఫుల్లా, హాఫా?’’ అంటాడు.

ఈ ఆధారాలన్నీ సేకరించి నేను సభలో ఒక తీర్మానం ప్రవేశపెట్టాను. సర్వపిండి చేద్దాం. బియ్యప్పిండి ఉంది, నానిన శనగపప్పు ఉంది, కాబట్టి తార్నాక సంతోషిస్తుంది. నువ్వులున్నాయి, కాబట్టి తాహిని ఖర్చు లేదు. పల్లీలూ మిర్చీ అమెరికా ఖండానివి, కాబట్టి ఖండాంతర ఫ్యూజన్. కావాల్సినవన్నీ ఒక్క రొట్టెలో ఉన్నాయి. తీర్మానం ఆమోదం పొందింది, ఒక సవరణతో. ‘‘పైన కొంచెం పనీరూ, సోయా వేసి పిజ్జాలాగ చేద్దామండీ, పిల్లలు ఇష్టంగా తింటారు.’’ చట్టసభల్లో మంచి బిల్లులన్నీ ఇలాగే చచ్చిపోతాయి.

మా అమ్మ ఆ సవరణ విని మాట్లాడలేదు. గుండుగిన్నె దించింది. లోపల నూనె పూసి, పిండి ముద్దను అడుగున పెట్టి, నాలుగు వేళ్లతో చుట్టూ ఒత్తుతూ అంచులదాకా పలచగా పాకించింది. చూపుడువేలితో అక్కడక్కడ రంధ్రాలు పొడిచి, ప్రతి రంధ్రంలో చుక్క నూనె వేసి, మూత పెట్టి సన్న సెగ మీద వదిలింది. పల్లీ వేగిన వాసన వచ్చాక అట్లకాడతో అంచు లేపితే, అడుగంతా ఎర్రగా కాలి, గిన్నె ఆకారంలోనే ఊడి వచ్చింది. వెంటనే రెండోది పెడదామని నేను ముద్ద అందించబోయాను. ‘‘ఆగు. గిన్నె సల్లారాలె. ఉడుకు గిన్నెల ఒత్తితే చెయ్యి కాలుతది’’ అని దాన్ని నల్లా కింద పెట్టింది. బుస్సుమంది.

‘‘ఒక్కటి కాలాలె, గిన్నె కడగాలె, మళ్ల ఒత్తాలె. ఇంటి నిండ మనుషులుంటే పొద్దుమీకేదాంక అదే పని. మీ నాయిన వేడిది కావాలంటుండె, నువ్వు మాడింది కావాలంటుంటివి’’ అంది అమ్మ. ‘‘బిజీ అంటున్నరు గదా మీరు? అప్పుడు నన్ను ఎవలన్న బిజీ అన్నరా?’’ నాకు చూడ్డానికి ఏదో ఒకటి కావాల్సి వచ్చి గోడ గడియారం చూశాను. మా ఆవిడ ఉల్లిపాయ తరగడం ఆపింది. వంటింట్లో గంభీరమైన నిశ్శబ్దం ఆవరించింది. ఎయిర్ ఫ్రయర్ టింగుమంది.

ఇక న్యాయస్థానం. సోయా పనీరు సర్వపిండి పిజ్జా ధర్మాసనం ముందుకొచ్చింది. పెద్దోడు పైన ఉన్న పనీరు మాత్రం గిల్లుకుని తిన్నాడు. చిన్నది పల్లీలు ఏరుకుంది. తర్వాత ఇద్దరూ ముక్తకంఠంతో తీర్పు చెప్పారు: ‘‘సాసు లేదా?’’ అయ్యా, ఈ విషయంలో నా అనుభవమూ మీ అనుభవమూ ఒకటే అని నాకు తెలుసు. మనం రాత్రంతా నానబెట్టినా, పగలంతా వేలాడదీసినా, పుస్తకాల కింద పెట్టి నలిపినా, ఏ వంటకమైనా పిల్లల చేతిలో సాసు ముంచుకునే చెంచాగా మారాల్సిందే. టోఫు ముక్కను చిన్నది నాకి, సాసు అయిపోగానే ప్లేట్లో పెట్టి, మళ్లీ ముంచింది. ముక్క చెక్కుచెదరలేదు.

అంతకన్నా అవమానం ఇంకోటుంది. మా చిన్నది కింది ఫ్లాటుకు ఆడుకోవడానికి పోయి గిన్నెడు బొబ్బెర గుడాలు తిని వచ్చింది. ఉట్టి గుడాలు! ఉడకబెట్టి, ఉల్లిగడ్డ, ఎండుమిర్చి, కరివేపాకు పోపు పెట్టినవి. ఇంట్లో అవే పెడితే మూతి తిప్పే పిల్ల. అదే సాయంత్రం కింది ఫ్లాటు పిల్లగాడు మా ఇంట్లో కూర్చుని, మా వాళ్లు వాసన చూసి వదిలేసిన ఉలవల హమ్మస్‌ను రొట్టెతో తుడిచి తుడిచి తిన్నాడు. వాళ్లమ్మ వచ్చి చూసి గుమ్మంలోనే నిలబడిపోయింది. ‘‘మా ఇంట్ల ఉలవచారు పోస్తే లేచిపోతడన్నా వీడు’’ అంది. ఇద్దరం ఒకరి ముఖం ఒకరం చూసుకున్నాం. కళ్లలో నీళ్లు తిరిగాయి. కొంత ఉలవల ఘాటు వల్ల.

అప్పటికప్పుడు ద్వైపాక్షిక ఒప్పందం కుదిరింది. సాయంత్రం మా పిల్లలు వాళ్లింట్లో తింటారు, వాళ్ల పిల్లలు మా ఇంట్లో తింటారు. గుడాలు రెండు ఇళ్లలోనూ అవే. ఉడకబెట్టేది అదే కుక్కర్ కంపెనీ, పోపు అదే నూనె. గుమ్మం మారితే చాలు, ప్రోటీన్ లోపలికి పోతుంది. ఇన్ని సంస్థలు, ఇన్ని మార్గదర్శకాలు, ఇన్ని వీడియోలు కనిపెట్టలేని ఈ పోషకాహార సూత్రాన్ని రెండంతస్తుల మధ్య మెట్ల మీద మేం కనిపెట్టాం. పేటెంట్ కోసం అడిగితే మా ఆవిడ నవ్వింది. ‘‘మరి టాకోలు ఎప్పుడు చేస్తున్నారు?’’ అంది.

కనుక తోటి బాధితులారా, ఈ శ్వేతపత్రం ద్వారా మన తరఫున కొన్ని డిమాండ్లు ప్రభుత్వం ముందుంచుతున్నాను. ఒకటి: వంట వీడియోలు తీసేవారు నానబెట్టిన గంటలు, వేలాడదీసిన గంటలు, గిన్నెలు తోమిన గంటలు కలిపి అసలు సమయాన్ని ప్రకటించాలి, తూనికలు కొలతల శాఖ దాన్ని తనిఖీ చేయాలి. రెండు: బిజీ తల్లిదండ్రుల కోసం వంటకాలు కనిపెట్టేవారు ముందుగా ఒక్క సాయంత్రం, ఇద్దరు పిల్లలతో, ఒక్క పొయ్యితో, బిజీగా ఉండి చూపించాలి. మూడు: పక్కింట్లో తినే హక్కును పిల్లల ప్రాథమిక హక్కుగా గుర్తించాలి. నాలుగు: మా అమ్మలాంటివారు గుండుగిన్నె సల్లార్చుతూ గడిపిన కాలానికి బకాయిలు లెక్కగట్టాలి, అంత డబ్బు ఏ బడ్జెట్‌లోనూ ఉండదని నాకు తెలుసు, అయినా లెక్క మాత్రం గట్టాలి. ఐదు: ఎయిర్ ఫ్రయర్ జాలీలో ఇరుక్కున్న పనీరు గోకడాన్ని ఉపాధి హామీ పనుల్లో చేర్చాలి. కూలి ఇవ్వకపోయినా ఫరవాలేదు, ఎండ వేళ పని నుంచి మినహాయింపు ఇస్తే చాలు.

ఏ పథకానికైనా చివర లబ్ధిదారుల జాబితా జోడించాలి కాబట్టి అది కూడా జోడిస్తున్నాను. పిల్లలు సాసు నాకి లేచిపోతారు. మా ఆవిడ ‘‘రాత్రిపూట హెవీ అయితది’’ అంటుంది. మా అమ్మ పనీరు ముట్టదు. పారేద్దామంటే పాపం, దాద్దామంటే ఫ్రిజ్‌లో చోటు లేదు. అందువల్ల తొమ్మిది దాటాక ఫ్రిజ్ వెలుతురులో నిలబడి, గిల్లగా మిగిలిన పనీరు, నాకగా మిగిలిన టోఫు, విరిగిన సర్వపిండి, అడుగంటిన సోయా, అన్నీ స్వయంగా పరిష్కరిస్తున్నాను. వంద గ్రాముల పనీరులో పద్దెనిమిది. యాభై గ్రాముల ఎండు సోయాలో ఇరవై ఆరు. మిగతావి కలుపుకుంటే తార్నాక వాళ్లు నాకు మంజూరు చేసిన 54 గ్రాములు అన్నం ముట్టకముందే పూర్తి. బిజీ తల్లిదండ్రుల పిల్లల కోసం ప్రవేశపెట్టిన ఈ మహత్తర పథకంలో నేటికి నమోదైన లబ్ధిదారుడు ఒక్కడే. ప్యాంట్లు వదులు చేయించుకోవడానికి దర్జీ దగ్గర కూర్చున్నాడు.